చూపు ఎత్తు: కరువుసీమలో కెమెరా కథ



తన పేరు మీద సభలు పెట్టవద్దని మాస్టారు చెప్పిపోయారు. ఆ మాట మీరు సగమే పాటించారు. ఆహ్వానపత్రంలో పేరు వేయకుండా ‘మాస్టారి స్మారకోపన్యాసం’ అని మాత్రం అచ్చువేశారు. మీరిన ఆ సగంలో నేనూ మీతో భాగస్వామిని. అందుచేత నేను కూడా ఆ పేరు పలకను. ఆ పేరు తెలియనివాళ్లు ఈ కర్నూలు హాలులో ఎవరూ లేరు కూడా.

ఆయన చదువు చెప్పిన సబ్జెక్టు ఏమిటో నాకు ఇప్పుడు సరిగ్గా గుర్తులేదు. గుర్తున్నది అద్దెకు తెచ్చిన 16 ఎం.ఎం. ప్రొజెక్టరు, దాని రీలు తిరిగే చప్పుడు, బడి వరండాలో రెండు స్తంభాల మధ్య కట్టిన తెల్లపంచె. ఆ పంచె విషయంలో ఆయనకు ఒక పట్టుదల ఉండేది. దాని అడుగు అంచు నేలకు మూరెడు కంటే పైన ఉండకూడదు. పైకి కడితే వెనకవాళ్లకు బాగా కనబడుతుందని పెద్దపిల్లలం వాదించేవాళ్లం. ముందు వరసలో నేలమీద కూర్చున్న చిన్నపిల్లలు మెడ ఎత్తి చూడకూడదనేది ఆయన జవాబు. తెర ఎత్తు ఎవరిని బట్టి నిర్ణయించాలి అన్న ప్రశ్న ఆనాడు నాకు అర్థం కాలేదు. తర్వాత నలభై ఏళ్లు డాక్యుమెంటరీల చుట్టూ తిరిగినవాడిగా ఈరోజు నేను చెప్పదలచుకున్నదంతా ఆ ప్రశ్నలోనే ఉంది. అంచులకు నెట్టిన జనాన్ని కెమెరా ఏ ఎత్తు నుంచి చూసింది? ఆ ఎత్తును ఎవరు నిర్ణయించారు? కర్నూలు, కడప సీమల చరిత్రను ఈ ఒక్క ప్రశ్న పట్టుకుని చదవవచ్చునని నా నమ్మకం. 2022లో జిల్లాలు విడిపోయాయి. నేను మాత్రం పాత ఉమ్మడి జిల్లాల లెక్కలోనే మాట్లాడతాను, మన్నించాలి.

ముందుగా నా తప్పు ఒకటి చెప్పుకుంటాను. కోసిగి వైపు ఒక పల్లెకు వలసల మీద చిత్రం తీయడానికి వెళ్లాం. పడమటి మండలాల్లో దాన్ని వలస అనరు, సుగ్గి అంటారు. ఖరీఫు పంట చేతికొచ్చినా రాకపోయినా దీపావళి దాటాక మూటాముల్లె కట్టుకుని గుంటూరు మిరపచేలకో, పత్తిచేలకో, బెంగళూరు కట్టడాల పనికో పోతారు. వాకిట్లో ముళ్లకంప అడ్డం పెట్టి పోయిన ఇళ్ల మధ్య ఒక ముసలామె గడప మీద కూర్చుని చెనక్కాయలు ఒలుస్తోంది. మేం ట్రైపాడ్‌ను దాని పూర్తి ఎత్తుకు లేపి, లైటు చూసుకుని, నిలబడి ప్రశ్నలు మొదలుపెట్టాం. రెండు ప్రశ్నలకు ఆమె జవాబు చెప్పలేదు. మూడో ప్రశ్నకు ముందు అన్నది: “నిలబడి అడిగితే అమీనా వచ్చినట్టుంటాదప్పా. కూచ్చోని అడుగు, చెప్తా.”

అమీనా అంటే తెలియని చిన్నవాళ్ల కోసం చెబుతున్నాను. అప్పు కట్టనివాడి ఇంటికి జప్తు కాగితం పట్టుకొచ్చే కోర్టు మనిషి. ఆమె జీవితంలో తనకంటే ఎత్తున నిలబడి ప్రశ్నలడిగినవాళ్లు అంతవరకూ అటువంటివాళ్లే. మా చేతిలో ఉన్నది కాగితం బదులు కెమెరా, అంతే తేడా. ఆమె ఎవరినీ నిందించలేదు. ఒక దృశ్యాన్ని చదివి దాని అర్థం చెప్పింది. సినిమా పాఠశాలలు ఏడాదిపాటు చెప్పేది ఆమె ఒక వాక్యంలో చెప్పింది.

ఆ వాక్యం వెనక ఎంత చరిత్ర ఉందో చూద్దాం.

మన సీమ బీదవాళ్లకూ కెమెరాకూ మధ్య కథను కరువు దగ్గర మొదలుపెడతాను. 1876 నుంచి 1878 దాకా మద్రాసు ప్రెసిడెన్సీని పట్టి పీడించిన ధాత కరువు ఎక్కువగా కాటేసింది బళ్లారి, కర్నూలు, కడప జిల్లాలనే. 1871 జనాభా లెక్కలకూ 1881 లెక్కలకూ మధ్య కర్నూలు జిల్లా తన మనుషుల్లో దాదాపు నాలుగోవంతును పోగొట్టుకుంది. ఆ రోజుల్లో కూలిపనుల శిబిరాల్లో ఒక మనిషికి రోజుకు ఒక పౌను ధాన్యం చాలునని నిర్ణయించినవాడు సర్ రిచర్డ్ టెంపుల్. చాలదని కాగితాల మీద పోరాడినవాడు ప్రెసిడెన్సీ శానిటరీ కమిషనర్ డాక్టర్ కార్నిష్. ఇద్దరి మధ్య నడిచిన వాదమంతా ఒంట్లో కండ ఎంత మిగిలింది అన్నదాని మీదే. సరిగ్గా అప్పుడే విలబీ వాలెస్ హూపర్ అనే సైనికాధికారి తన కెమెరా తీసుకుని కరువు బాధితుల బొమ్మలు తీశాడు. ఆ బొమ్మలు మీలో చాలామంది చూసే ఉంటారు. ఎముకల గూళ్లయిన మనుషుల్ని ఒక వరసలో కూర్చోబెట్టి, పడుకోబెట్టి, నిలబెట్టి తీసినవి. ఆనాటి కెమెరాకు కదలిక పనికిరాదు. కదలలేని మనుషులు దానికి బాగా అమరిపోయారు. వాళ్ల పేర్లు లేవు, ఊర్లు లేవు. బొమ్మ తీశాక వాళ్లకు గంజి పోశారా లేదా అన్న ప్రశ్న అప్పుడే కొందరు అడిగారు. పది సంవత్సరాలు తిరగకుండానే అదే హూపర్ బర్మాలో, మాండలేలో, తుపాకులతో కాల్చిచంపే శిక్షలు అమలయ్యే క్షణాన్ని ఫొటో తీయబోయి విచారణకు గురయ్యాడు. ఈ రెండు సంగతులు పక్కపక్కన పెట్టి చూడమంటాను. చావుకు దగ్గరైన మనిషిని అందంగా అమర్చి చూసే కన్ను ఒకే చోట ఆగదు.

కరువు పోయాక లెక్కలు వచ్చాయి. మద్రాసు మ్యూజియం సూపరింటెండెంటుగా ఎడ్గార్ థర్‌స్టన్, ఆయన సహాయకుడు కె. రంగాచారి కలిసి 1909లో దక్షిణ భారత కులాలు, తెగల మీద ఏడు సంపుటాలు వెలువరించారు. థర్‌స్టన్ ఊళ్లు తిరిగేటప్పుడు కెమెరాతో పాటు ముక్కు, తల కొలతలు తీసే పరికరాలు పెట్టెలో ఉండేవి. ఆ పెట్టె చూసి జనం పారిపోయిన సంగతులు ఆయనే వినోదంగా రాసుకున్నాడు. ఆ పుస్తకాలను నేను తీసిపారేయడం లేదు. మన పల్లె కులాల ఆచారాలు కొన్ని అందులో తప్ప ఇంకెక్కడా మిగల్లేదు. కానీ ఆ ఫొటోల్లో మనిషి ఎదురుగా ఒకటి, పక్కనుంచి ఒకటి, పోలీసు స్టేషను గోడమీది బొమ్మలాగే ఉంటాడు. ఈ పోలిక నేను తెచ్చిపెట్టినది అనుకోకండి. 1871లో ఉత్తరాదిన మొదలైన నేరజాతుల చట్టం 1911 తర్వాత మద్రాసు ప్రెసిడెన్సీలోనూ అమలైంది. గుంటూరు సీమలో స్టువర్టుపురం వెలిసినట్టే మన ఆత్మకూరు దగ్గర సిద్ధాపురంలోనూ సెటిల్‌మెంటు వెలిసింది. పుట్టుకతోనే దొంగలని ముద్రవేసిన కుటుంబాలు వేలిముద్రలిచ్చి, రాత్రిళ్లు హాజరు పలికి, ఊరు దాటాలంటే చీటీ తీసుకుని బతికాయి. స్వాతంత్ర్యం వచ్చాక చట్టం రద్దయింది. ముద్ర రద్దు కావడానికి గెజిట్ చాలదు.

చెంచుల సంగతి చూడండి. నల్లమలకు అటువైపు, అప్పటి నిజాం రాజ్యంలోని అమ్రాబాద్ పీఠభూమిలో, 1940లో క్రిస్టఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమెన్‌డార్ఫ్ వాళ్ల గూడేల్లో మకాం పెట్టి, 1943లో వాళ్ల మీద పుస్తకం తెచ్చాడు. అదే 1943లో మద్రాసులో ‘చెంచులక్ష్మి’ సినిమా విడుదలైంది. 1958లో అదే కథ అంజలీదేవి, అక్కినేని నాగేశ్వరరావులతో మళ్లీ వచ్చింది. అహోబిలం నరసింహస్వామి చెంచుల అమ్మాయిని పెళ్లాడిన కథ మనందరిదీ. ఇప్పటికీ పారువేటకు స్వామి చుట్టుపక్కల పల్లెలన్నీ తిరుగుతాడు, చెంచులు ఆయన్ని తమ అల్లుడుగానే చూసుకుంటారు. ఊరేగింపులో చెంచువాళ్లు విల్లెక్కుపెట్టే ఆ ఒక్క క్షణం ఎంత గొప్పదో చూసినవాళ్లకు తెలుసు. అయితే ఒకే ఏడాది ఒకవైపు శాస్త్రవేత్త పుస్తకంలో, మరోవైపు స్టూడియో సెట్టులో కనబడిన చెంచు మనిషి, బైర్లూటిలోనో నాగలూటిలోనో తేనెపట్టుకు తాడు వేసుకుని దిగే మనిషి, తనను గురించి తాను ఏమనుకుంటున్నాడో ఆ రెండింటిలోనూ లేదు. హైమెన్‌డార్ఫ్‌ను నేను కొంత మినహాయిస్తాను. ఆయన కనీసం వాళ్ల గుడిసెల పక్కన గుడారం వేసుకున్నాడు.

ఇదంతా పైనుంచి కిందికి చూసిన చూపు. స్వాతంత్ర్యం తర్వాత చూపు మారిందా? 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడింది. ప్రతి సినిమాహాలులో అసలు బొమ్మకు ముందు ప్రభుత్వచిత్రం వేయడం తప్పనిసరైంది. కర్నూలు టూరింగు టాకీసుల్లో నేల టిక్కెట్టు మీద కూర్చుని నా తరం చూసిన డాక్యుమెంటరీ అంటే అదే. డ్యాము కడుతుంటారు, ట్రాక్టరు దున్నుతుంటుంది, వెనక ఒక గంభీరస్వరం మన తరఫున మాట్లాడుతుంటుంది. ఫిల్మ్స్ డివిజన్‌లోనూ మంచి దర్శకులు పనిచేశారు, తెగించి తీసినవాళ్లూ ఉన్నారు. కానీ మొత్తమ్మీద ఆ చిత్రాల్లో కూలివాడి నోరు కదిలేది, మాట వినబడేది కాదు. 1952లో సీమలో గంజి కేంద్రాలు తెరిచినప్పుడు కరువునిధికి సినిమా నటులే జోలెపట్టి ఊరూరా తిరిగారు. దానం అడగడానికి వచ్చిన కెమెరాకూ దానం ఇవ్వడానికి వచ్చిన కెమెరాకూ ఎత్తు ఒకటే.

ఆ తర్వాత వచ్చింది దీనికి సరిగ్గా తలకిందులైన చూపు. 1999 సంక్రాంతికి ‘సమరసింహారెడ్డి’, 2001 సంక్రాంతికి ‘నరసింహనాయుడు’, 2002లో ‘ఇంద్ర’. ఫ్యాక్షన్ చిత్రాల గురించి ఇప్పటికే చాలామంది రాశారు. సీమకు అవి చేసిన అపకీర్తి గురించి ఇక్కడ వేరే చెప్పక్కరలేదు. నేను గమనించమనేది ఒక సాంకేతిక విషయం. వాటిలో కెమెరా నేలమీద, మోకాలి కింద ఉంటుంది. సుమో తలుపు తెరుచుకుంటుంది, చెప్పు కనబడుతుంది, పంచె కనబడుతుంది, ఆకాశాన్ని ఆనుకున్న ముఖం కనబడుతుంది. ప్రేక్షకుణ్ణి కూర్చోబెట్టిన చోటు కాళ్ల దగ్గర. కాళ్ల దగ్గర ఇంకెవరున్నారు? సీమ జనం. వాళ్లు చేతులెత్తి ఏడుస్తారు, లేకపోతే దండం పెడతారు. 2003లో ‘ఒక్కడు’ వచ్చాక కొండారెడ్డి బురుజు తెలుగుదేశమంతటికీ తెలిసింది. బురుజు నీడలో తోపుడుబండి పెట్టుకున్నవాడి ముఖం మాత్రం తెలియలేదు.

పైచూపు, కిందిచూపు అనే ఈ తేడా నేను పుస్తకాల నుంచి తీసుకోలేదు. ఇది జహీరాబాద్ ఆడవాళ్లది. వాళ్ల దగ్గరికి వచ్చేముందు ఒక చిన్న మలుపు తీసుకోవాలి. ఎందుకంటే తెరకూ బొమ్మకూ సంబంధించి మన కడప జిల్లాకు ఒక పాతకథ ఉంది.

తోలుబొమ్మలాట మీకు తెలుసు. తోలు, దీపం, తెర. ఆడించేవాళ్లు తెర వెనక ఉంటారు. ఊరంతా బొమ్మను చూస్తుంది, మనిషిని చూడదు. 1885లో కడప జిల్లా సురభిలో ఒక పెళ్లిలో బొమ్మలాట కుటుంబాలవాళ్లు, వనారస వంశంవారు, బొమ్మల్ని పక్కన పెట్టి తామే తెర ముందుకు వచ్చి కీచకవధ ఆడారు. వాళ్ల ఆడవాళ్లు ఆడవేషాలు కట్టారు. ఆ ఒక్క రాత్రి నుంచి పుట్టింది సురభి నాటకసమాజం. కాలక్రమంలో పదులకొద్దీ బృందాలయ్యారు. తొలి తెలుగు టాకీ ‘భక్తప్రహ్లాద’లో 1932లో లీలావతిగా కనబడిన సురభి కమలాబాయి ఆ ఇంటిపేరు మోసినదే. సంచారం చేస్తూ, డేరాలో పుట్టి డేరాలో పోయే కుటుంబాలను ఊరు ఎప్పుడూ తన లెక్కలోకి రానివ్వదు. మాయాబజారు చూసి చప్పట్లు కొట్టే ఊరే మర్నాడు పొద్దున బావి దగ్గర ఏ కులమని అడుగుతుంది.

వీళ్ల మీద డాక్యుమెంటరీ తీసినవారు కె.ఎన్.టి. శాస్త్రి. ఆయన కోలార్ బంగారు గనుల ఊరిలో పుట్టారు, పత్రికల్లో సినిమా విమర్శకుడిగా పేరు తెచ్చుకున్నారు, 2018 సెప్టెంబరులో హైదరాబాదులో కన్నుమూశారు. ‘తిలదానం’ బుసాన్ చిత్రోత్సవంలో 2002లో బహుమతి తెచ్చుకున్నప్పుడు మన పత్రికలు ఆయన వైపు చూశాయి. ఆయన పనిలో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది వేరే. లంబాడా తండాల్లో ఆడశిశువుల అమ్మకం మీద ఆయన మొదట డాక్యుమెంటరీ తీశారు. తర్వాత అదే విషయం మీద నందితాదాస్‌తో ‘కమ్లి’ కథాచిత్రం తీశారు. నిజం తీసినవాడు మళ్లీ కథలోకి ఎందుకు వెళ్లాడు? నాకు తోచిన కారణం ఇది. బిడ్డను ఇచ్చేసిన తల్లి ముఖాన్ని కెమెరాతో ఎంతసేపు చూడవచ్చు? ఒక హద్దు దాటాక ఆ చూపు విచారణ అవుతుంది. ఆ హద్దు దగ్గర నటి ముఖాన్ని అడ్డం పెట్టడం ఒక మర్యాద. ఆయన అలా అనుకున్నారో లేదో నేను చెప్పలేను. విమర్శకుడిగా పాతికేళ్లు ఇతరుల షాట్లను తూచినవాడికి ఆ తూకం తెలియకుండా ఉండదనిపిస్తుంది.

ఇదే ప్రశ్నను ఆయనకంటే ఇరవై ఏళ్ల ముందే గట్టిగా పట్టుకున్నవారు హైదరాబాదులో పుట్టిన దీపా ధన్‌రాజ్. 1980లో ఆభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్‌రోజ్ కాంట్రాక్టర్‌లతో కలిసి ఆమె యుగాంతర్ అనే సమష్టి బృందం కట్టారు. పుణేలో ఇంటిపని చేసే ఆడవాళ్ల మీద ఒకటి, నిపాణి పొగాకు కార్మికుల మీద ఒకటి, చిప్కో ఉద్యమం మీద ఒకటి. హైదరాబాదు స్త్రీశక్తి సంఘటనతో కలిసి 1983లో తెలుగులో ‘ఇది కథ మాత్రమేనా’ తీశారు. నిపాణి చిత్రంలో బీడీ, పొగాకు పనివాళ్లు తమ సమ్మెలో జరిగినదాన్ని తామే మళ్లీ నటించి చూపుతారు. ముందు నెలలు గడిచే మాటలు, తర్వాత రాత, ఆ తర్వాతే కెమెరా. 1922లో వచ్చిన ‘నానూక్’ డాక్యుమెంటరీ తీసిన ఫ్లాహెర్టీ తన ఎస్కిమో మిత్రులతో పాతకాలపు వేట మళ్లీ ఆడించాడు, లోపల వెలుతురు కోసం సగం కోసిన మంచు ఇంట్లో వాళ్లను పడుకోబెట్టాడు. అక్కడ ఏది ఆడాలో నిర్ణయించినవాడు ఆయన. ఇక్కడ నిర్ణయించినవాళ్లు పనిచేసేవాళ్లు. అదే దీపా ధన్‌రాజ్ 2018లో రోహిత్ వేముల మరణం తర్వాతి పోరాటం మీద తీసిన చిత్రం వరకూ ఈ పద్ధతి జాడ కనబడుతూనే ఉంటుంది.

ఇప్పుడు జహీరాబాద్. ఆ నేల మన పత్తికొండ నేలకు అక్కచెల్లెలు. ఎర్రమట్టి, వర్షాధారం, కొర్ర, జొన్న, ఎప్పుడొస్తుందో తెలియని వాన. పస్తాపూర్‌లో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ 1983 నుంచి దళిత మహిళల సంఘాలతో పనిచేస్తోంది. దాన్ని నడిపిన పి.వి. సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో కార్యక్రమాలు తీసినవారు. 1975-76లో ఉపగ్రహం ద్వారా పల్లెలకు టీవీ తెచ్చిన ప్రయోగంలో తలమునకలైనవారు. అంటే ఢిల్లీ నుంచి పల్లెకు బొమ్మలు పంపిన యంత్రం లోపలి మనిషి. ఆయన 1990ల చివర్లో చేసిన పని ఏమిటంటే కెమెరాను, సంతకం కూడా రాని వ్యవసాయ కూలీ మహిళల చేతికి ఇచ్చారు. 2001లో వాళ్లదే కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ ఏర్పడింది. 2008లో మాచనూర్‌లో సంఘం రేడియో మొదలైంది. సతీష్ 2023 మార్చిలో మరణించారు.

శిక్షణలో లో యాంగిల్, హై యాంగిల్ అనే మాటలు వాళ్ల నాలుకకు అంటలేదు. వాళ్లు తమ మాటలు తెచ్చుకున్నారు. పైనుంచి కిందికి చూస్తే అది పటేల్ షాట్. గుర్రం మీదనో అరుగు మీదనో ఉండి పటేలు మనల్ని చూసే తీరు అది గనక. కిందినుంచి పైకి చూస్తే అది జీతగాడి చూపు, బానిస తన యజమానిని చూసే తీరు. ఎదురెదురుగా, కంటికి కన్ను సమంగా ఉంటే అది సంఘం షాట్. సంఘంలో అందరూ నేలమీద ఒకే చాప మీద కూర్చుంటారు గనక.

సినిమా వ్యాకరణం షాటుకు పేరు పెట్టేటప్పుడు కెమెరా ఎక్కడుందో చెబుతుంది. ఈ ఆడవాళ్లు ఎవరు చూస్తున్నారో చెప్పారు. హూపర్ పటేల్ షాట్ తీశాడు. థర్‌స్టన్ తీశాడు. ఫ్యాక్షన్ సినిమా మనందరినీ జీతగాడి షాట్‌లో కూర్చోబెట్టింది. నేను కోసిగి ఊళ్లో ఆరడుగుల ట్రైపాడ్ లేపి తీయబోయినదీ పటేల్ షాటే. నన్ను కూర్చోమన్న ముసలామె జహీరాబాద్ ఎన్నడూ పోలేదు. అయినా ఆమె అడిగింది సంఘం షాట్.

ఎత్తు ఒక్కటే సరిపోతుందా అంటే చాలదు. కూర్చోవడానికి వ్యవధి కావాలి. బీటీ పత్తికి 2002 మార్చిలో అనుమతి వచ్చింది. ఆ ఖరీఫులోనే వరంగల్ రైతులు వేశారు. పంట ఎత్తేదాకా నెలనెలా ఈ మహిళలు జహీరాబాద్ నుంచి వరంగల్ పోయి, అవే చేలు, అవే రైతులు, అవే ప్రశ్నలతో చిత్రం తీస్తూ వచ్చారు. ఒకసారి పోయి వచ్చే విలేకరికి మంచి చేను దొరకవచ్చు, చెడ్డ చేను దొరకవచ్చు. పంటతో పాటు నడిచినవాళ్లకు మాత్రం ఏ నెలలో ఆశ విరిగిందో తెలుస్తుంది. 2003లో ఆ చిత్రం బయటికి వచ్చింది. అది శాస్త్రానికి తుదితీర్పు అని నేను అనను, దానిమీద వాదోపవాదాలు నడిచాయి, నడవాలి కూడా. కానీ ఆ చిత్రంలో రైతు కెమెరాతో మాట్లాడే తీరు చూడండి. పక్క చేనులో కలుపు తీసే ఆడమనిషితో మాట్లాడినట్టే మాట్లాడతాడు. కెనడాలో ఫోగో దీవిలో 1967లో కోలిన్ లో అనే దర్శకుడు చేపలు పట్టేవాళ్లతో చిత్రాలు తీసి, వాటిని మొదట ఆ దీవి ఊళ్లలోనే చూపించి, వాళ్లు వద్దన్నవి తీసేసిన పద్ధతిని ప్రపంచం ఇప్పటికీ పాఠంగా చెప్పుకుంటుంది. మనకు అంతదూరం పోవలసిన పని లేదు.

ఇక మన దగ్గర కూర్చుని చూడవలసినవి ఏమున్నాయి? ఒకటి రెండే చెబుతాను.

శ్రీశైలం జలాశయం. 1981లో ఆపరేషన్ మకర పేరుతో పోలీసుల్ని పెట్టి కృష్ణ, తుంగభద్ర ఒడ్డు ఊళ్లను ఖాళీ చేయించారు. కూడవెల్లి గుడిని మాత్రం రాయి రాయికీ గుర్తుపెట్టి, ఫొటోలు తీసి, ఊడదీసి, అలంపురంలో మళ్లీ కట్టారు. మంచి పనే. ఊళ్లకు ఆ మర్యాద దక్కలేదు. ఏ ఇంటి పక్కన ఏ ఇల్లు ఉండేదో ఎవరూ గుర్తుపెట్టలేదు. ముచ్చుమర్రి దగ్గర సప్తనదీ సంగమేశ్వరం ప్రతి వేసవి నీళ్లు తగ్గినప్పుడు బయటపడుతుంది. టీవీ కెమెరాలన్నీ వస్తాయి. వేపమొద్దు లింగం, బురదలో స్తంభాలు, మొదటి హారతి. డ్రోను వచ్చాక ఆ గుడిని ఆకాశం నుంచి చూపిస్తున్నారు. గుడి చుట్టూ బురదలో తమ పాత గడప ఎక్కడుందో వెతుక్కునే మనుషులు డ్రోనుకు చుక్కల్లా కనబడతారు.

రెండోది పత్తివిత్తనం. నంద్యాల చుట్టుపక్కల సంకరజాతి విత్తనం పండించే చేలల్లో సాయంత్రం మొగ్గ ఒలిచి, మర్నాడు పొద్దున మగపువ్వు పుప్పొడి రుద్దాలి. క్రాసింగు అంటారు. ఒక్కొక్క పువ్వుకూ చేత్తో చేయవలసిన పని. ఏళ్ల తరబడి దీనికి ఎక్కువగా పెట్టింది ఆడపిల్లలను. వేళ్లు సన్నగా ఉంటాయని ఒక కారణం చెప్పేవారు. ఇంకొక కారణం విన్నప్పుడు నాకు నోటమాట రాలేదు. చెట్టు ఎత్తూ పిల్ల ఎత్తూ సమానం, వంగే పని ఉండదు అని. చేను ఆ పిల్ల ఎత్తును కొలిచిపెట్టుకుంది. చిత్రం తీసేవాడు కూడా ఆ ఎత్తును కొలవాలి. నిలబడి తీస్తే పచ్చని చేను మీద తలలు కనబడతాయి, బొమ్మ అందంగా ఉంటుంది. మోకాళ్ల మీద కూర్చుంటే పసుపచ్చని పుప్పొడి అంటిన గోళ్లు, మందు వాసనకు ఎర్రబడిన కళ్లు కనబడతాయి.

కెమెరా దించవలసిన చోటు ఉన్నట్టే అసలు తీయకూడని చోటూ ఉంది. ఆదోని వైపు దేవుడికి అంకితమిచ్చి బసివిని చేసిన ఆడవాళ్ల ముఖాలు ఎన్నో చిత్రాల్లో మసకబారిన చుక్కల వెనక చూశాం. దాన్ని నిషేధిస్తూ 1988 చట్టం వచ్చి ఇన్నేళ్లయినా ఆ మసక తీయలేకపోయాం. ముఖాన్ని అంత మసక చేయవలసి వచ్చినప్పుడు ఆ ముఖం మనకెందుకు అని అడుగుతాను. ఆమె గొంతు చాలు. కాదంటే ఆమె చేతులు. ఆమె వద్దంటే ఏదీ వద్దు. డాక్యుమెంటరీ పేరు మీద చూసే హక్కును మనం చాలా సులభంగా మనకు మనమే ఇచ్చుకున్నాం.

మీరు కాళ్లానించిన ఈ హాలు నేల కూడా చూడండి. బేతంచెర్ల వైపు నుంచో ఎర్రగుంట్ల వైపు నుంచో వచ్చిన నాపరాయి. ఇటువంటి రాయి తెలుగునాట ఎన్ని ఇళ్లకు నేలయిందో చెప్పలేం. దాన్ని పలుగు పెట్టి పొరలు విప్పి, కోసి, నునుపు పట్టినవాళ్ల ఊపిరితిత్తుల్లో ఆ రాతిపొడి ఉంది. దాన్ని ఏ ఎత్తు నుంచి చూపాలో నాకు ఇంకా తెలియదు.

కోసిగి పల్లె చిత్రం ఆ తర్వాత పూర్తయింది. అది గొప్ప చిత్రమేమీ కాదు. దాన్ని ముందుగా ఆ ఊళ్లోనే వేశాం. మాస్టారి మాట గుర్తుంచుకుని గుడి గోడకు పంచె కట్టాం, నేలకు మూరెడు ఎత్తున. అది మాఘమాసం, వయసులో ఉన్నవాళ్లంతా సుగ్గిలో ఉన్నారు. చిత్రంలో ఉన్నవాళ్లలో చాలామంది ఊళ్లో లేరు, చూసినవాళ్లందరూ ముసలివాళ్లు, వాళ్ల ఒడిలో పిల్లలు. నన్ను కూర్చోమన్న ఆమె ముందు వరసలో ఉంది. గుంటూరు దగ్గర మిరపచేలో కాయలు కోస్తున్న ఆమె కోడలి ముఖం తెరమీదికి వచ్చింది. అది నాకు ఇష్టమైన షాట్. ఉదయపు ఎండ పక్కనుంచి పడి ఉంటుంది.

“ఆడ నిలుపప్పా” అన్నదామె.

బొమ్మను ఆపాం. ఆమె లేచి తెర దగ్గరికి పోయి, కోడలి చెవి దగ్గర వేలుపెట్టి చూపించింది. “కమ్మలేవీ?” అన్నది. పోయేటప్పుడు ఉన్నాయట. సంక్రాంతికి ఫోను చేసినప్పుడు అంతా బాగుందనే చెప్పిందట. ఇంకెవరూ మాట్లాడలేదు. ఆమె కాసేపు అక్కడే నిలబడి, “సరే, తిప్పు” అని వచ్చి కూర్చుంది.

ఆ షాట్‌ను ఎడిటింగు గదిలో నేను ఎన్నిసార్లు ముందుకీ వెనక్కీ తిప్పి చూశానో లెక్కలేదు. వెలుతురు చూశాను. కమ్మలు లేవని చూడలేదు.